ప్రార్థనా మానకండి, మాత్రా మానకండి



"అయ్యగారూ, మాత్ర మింగితే విశ్వాసం లేనట్టా?" అని మన సంఘాల్లో చాలామంది పాస్టరు గార్లను అడుగుతుంటారు. ఆసుపత్రికి వచ్చేసరికి అదే ప్రశ్న ఇంకో రూపం తీసుకుంటుంది. "ప్రార్థన చేయించుకున్నాక బాగానే ఉంది సార్, ఇంక మందులు నిలిపేద్దామా?" అంటారు. కొందరైతే అడగను కూడా అడగరు, నిలిపేస్తారు. కొన్ని నెలల తరువాత జబ్బు ముదిరి మళ్ళీ వస్తారు.

తిరుపతి, చిత్తూరు ప్రాంతంలో జబ్బు పడిన మనిషి ఒక్క వాకిలి దగ్గరే ఆగడు. గుడికి మొక్కుకునేవారు ఉన్నారు, దర్గాలో తాయెత్తు కట్టించుకునేవారు ఉన్నారు, ప్రార్థన కూటంలో తైలం రాయించుకునేవారు ఉన్నారు. మధ్యలో పసరు మందు తాగి, చివరికి ఆసుపత్రి మెట్లెక్కేవారూ ఉన్నారు. క్రైస్తవ కుటుంబాలు కూడా ఇందుకు మినహాయింపు కాదు. ఎవరి భక్తి మీదా తీర్పు తీర్చడానికి మేము ఈ వ్యాసం రాయడం లేదు. మేము చెప్పదలచింది ఒక్కటే. ఆదరణ ఎక్కడ దొరికినా పొందండి. కానీ దాని కోసం మందును ఆలస్యం చేయకండి, మధ్యలో ఆపకండి, డాక్టరు దగ్గర ఏదీ దాచకండి. ఈ మూడింటి వల్లనే మన కళ్ళెదుట ప్రాణాలు పోతున్నాయి.

మందు లేని రోజుల్లో ఆరోగ్యవరం

మదనపల్లె దగ్గరి ఆరోగ్యవరం పేరు మన ప్రాంతంలో వినని కుటుంబం అరుదు. 1912లో అనేక మిషన్లు కలిసి క్షయ రోగుల కోసం మదనపల్లెలో ఒక శానటోరియం మొదలుపెట్టాయి. 1915లో అది ఊరి బయట ఇప్పుడున్న చోటికి మారింది. డెన్మార్కు దేశం నుండి వచ్చిన డాక్టర్ క్రిస్టియన్ ఫ్రిమోట్-మొల్లర్ గారు దాని మొదటి సూపరింటెండెంటు. ఆ చోటికే ఆరోగ్యవరం అనే పేరు స్థిరపడింది.

ఇక్కడ మనం గమనించవలసిన సంగతి ఒకటుంది. ఆ శానటోరియం మొదలైన తరువాత ముప్పై ఏళ్ళ వరకు క్షయ క్రిమిని చంపే మందు ప్రపంచంలో ఎక్కడా లేదు. స్ట్రెప్టోమైసిన్ కనుగొన్నది 1943లో. ఐసోనియాజిడ్ వాడుకలోకి వచ్చింది 1952లో. అంతవరకు శానటోరియాల్లో ముఖ్యమైన వైద్యమంటే మంచి గాలి, పూర్తి విశ్రాంతి, బలమైన తిండి, వేళకు అన్నీ జరిగే క్రమశిక్షణ. ఇంట్లో కంచం వేరు, చెంబు వేరు పెట్టి దూరం ఉంచిన మనిషికి అక్కడ ఒక మంచం, పలకరించే ఒక మనిషి దొరికేవారు. కొందరు కోలుకున్నారు. ఎందరో కోలుకోలేదు. కోలుకోనివారిని కూడా వదిలిపెట్టకుండా చూసుకోవడం ఆనాటి సేవలో పెద్ద భాగం.

మందులు వచ్చిన తరువాత 1956లో మద్రాసులో ఒక ముఖ్యమైన పరిశోధన ప్రారంభమైంది. కొందరు క్షయ రోగులను శానటోరియంలో ఉంచి, మరికొందరిని వారి ఇరుకు ఇళ్ళలోనే ఉంచి, ఇద్దరికీ ఒకే మందులు సంవత్సరం పాటు ఇచ్చారు. 1959లో ఫలితాలు వచ్చాయి. ఇంట్లో ఉన్నవారు కూడా దాదాపు శానటోరియంలో ఉన్నవారిలాగే కోలుకున్నారు. ఇంటివారికి జబ్బు అంటడం కూడా ఎక్కువ కాలేదు. అంటే క్రిమిని చంపినది మందే. చల్లని గాలి, మంచి తిండి ఆ పని చేయలేకపోయాయి.

అయితే ఆ మందును రోజూ మింగాలి, నెలల తరబడి మింగాలి. దగ్గు తగ్గి ఆకలి పుట్టగానే మానేయాలనిపిస్తుంది. అప్పుడు ప్రక్కన కూర్చుని "ఈ రోజు మాత్ర వేసుకున్నావా నాయనా?" అని అడిగే మనిషి కావాలి. మందు చేసే పని ఒకటి, ఆదరణ చేసే పని ఇంకొకటి. రెండూ కావాలి. ఒకటి ఉంది కదా అని రెండవదాన్ని మానుకోలేము.

తనంతట తగ్గే జబ్బు, తగ్గని జబ్బు

పసరు మందుకు, మంత్రానికి, కట్టుకు మన ఊళ్ళలో ఇంత పేరు ఎలా వచ్చింది? జనం తెలివిలేనివాళ్ళు కాబట్టి అని అనుకోవడం సులువు. అది నిజం కాదు. జనం కళ్ళతో చూసినదాన్నే నమ్ముతారు. చూసినదాన్ని ఎలా అర్థం చేసుకోవాలన్నదే ప్రశ్న.

పచ్చకామెర్లు తీసుకోండి. కలుషితమైన నీటి వల్ల వచ్చే కామెర్లు చాలామందికి కొన్ని వారాల్లో తమంతట తామే తగ్గుతాయి. ఆ వారాల్లో పసరు తాగినవారికి పసరు వల్ల తగ్గినట్టు కనిపిస్తుంది. కానీ కామెర్లన్నీ ఒకటి కావు. పిత్తనాళంలో రాయి అడ్డుపడినా, గడ్డ ఉన్నా, హెపటైటిస్ బి ఉన్నా కళ్ళు అలాగే పచ్చబడతాయి. వాటికి పసరు పని చేయదు. పైగా కొన్ని ఆకు మందులే కాలేయాన్ని దెబ్బతీస్తాయి.

పాము కాటు కూడా అంతే. మన పొలాల్లో తిరిగే పాముల్లో విషం లేనివే ఎక్కువ. విషపు పాము కూడా కొన్నిసార్లు విషం ఎక్కించకుండా కరుస్తుంది. అలాంటి కాటుకు మంత్రం వేసినా మనిషి బతుకుతాడు, వేయకపోయినా బతుకుతాడు. నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర విషం ఎక్కించినప్పుడు మాత్రం విరుగుడు సూది ఒక్కటే దారి. కట్లపాము రాత్రిపూట నిద్రలో కరుస్తుంది. నొప్పి పెద్దగా ఉండదు. తెల్లవారేసరికి కనురెప్పలు వాలిపోతాయి, మాట ముద్దగా వస్తుంది. మన దేశంలో 2000 నుండి 2019 వరకు పాము కాటుతో సుమారు 12 లక్షల మంది చనిపోయారని 2020లో వెలువడిన ఒక పెద్ద అధ్యయనం అంచనా వేసింది. వారిలో ఎక్కువమంది పల్లెల్లో ఇంటి దగ్గరే పోయారు. కాబట్టి కోయకండి, నోటితో పీల్చకండి, తాడు బిగించి కట్టకండి. కరిచిన కాలిని గాని చేతిని గాని కదపకుండా 108కి ఫోన్ చేయండి. ప్రార్థన ఆంబులెన్సులో కూడా చేయవచ్చు.

ఇక పుత్తూరు కట్టు. వంద సంవత్సరాలకు పైబడిన పేరు అది. తమిళనాడు, కర్ణాటకల నుండి కూడా జనం వస్తారు. చెన్నై వీధుల్లో కూడా ఆ పేరుతో బోర్డులు కనిపిస్తాయి. పసరు, కోడిగుడ్డు సొన, వెదురు బద్దలు, గుడ్డ, వీటితో విరిగిన చోటును కదలకుండా కట్టేస్తారు. చర్మం తెగకుండా, ఎముక పక్కకు జరగకుండా విరిగినప్పుడు, కదలకుండా ఉంచితే ఎముక తనంతట తాను అతుక్కుంటుంది. దేవుడు శరీరంలో పెట్టిన శక్తి అది. ఆసుపత్రిలో వేసే పిండి కట్టు కూడా ఆ శక్తికి సాయం చేసేదే. కాబట్టి పుత్తూరు కట్టును వెక్కిరించడం మాకు ఇష్టం లేదు.

కానీ ఎముక చర్మాన్ని చీల్చుకొని బయటికి వచ్చినప్పుడు, ముసలివారికి తుంటి ఎముక విరిగినప్పుడు, పిల్లలకు మోచేతి దగ్గర విరిగినప్పుడు ఏ కట్టుకూ పోకుండా ముందుగా ఆసుపత్రికే రండి. ఎవరు కట్టిన కట్టయినా సరే, వేళ్ళు నల్లబడినా, చల్లబడినా, తిమ్మిరెక్కినా, నొప్పి తగ్గకుండా పెరుగుతున్నా వెంటనే విప్పించండి. "మూడు రోజుల దాకా విప్పకూడదన్నారు" అని ఓర్చుకొని కూర్చుంటే చెయ్యే తీసేయవలసి వస్తుంది.

సాక్ష్యం చెప్పేముందు

ఇప్పుడు మన ఇంటి సంగతికి వద్దాము. పసరు మందుకు పేరు వచ్చిన విధంగానే కొన్ని స్వస్థత సాక్ష్యాలు కూడా పుడుతున్నాయి. తగ్గినవారు వేదిక ఎక్కి మాట్లాడతారు. తగ్గనివారు వెనుక వరుసలో కూర్చుని తమ విశ్వాసమే చాలలేదేమో అని కుమిలిపోతారు. క్షయకు మందులు వాడుతున్న మనిషికి రెండు నెలల్లో దగ్గు, జ్వరం తగ్గడం మామూలే. ఆ సమయంలో ఒక కూటానికి వెళ్ళి, స్వస్థత కలిగిందని ప్రకటించి, మాత్రలు మానేస్తే ఊపిరితిత్తుల్లో మిగిలిన క్రిములు మందుకు లొంగని క్రిములుగా మారే ప్రమాదం ఉంది. ఆ మొండి క్షయ ఇంట్లో పిల్లలకు అంటుతుంది.

యేసు ప్రభువు కుష్ఠరోగిని బాగుచేసిన తరువాత ఏమి చేశాడో సువార్తల్లో చదువుతాము. వెళ్ళి యాజకునికి కనపరచుకొమ్మని పంపాడు. ఆ కాలంలో కుష్ఠు తగ్గిందో లేదో పరీక్షించి చెప్పే బాధ్యత యాజకునిది. స్వస్థపరచిన ప్రభువే పరీక్షకు పంపినప్పుడు, పరీక్ష చేయించుకోవడం అవిశ్వాసం ఎలా అవుతుంది? ఈనాడు మనకు ఆ యాజకుని స్థానంలో కళ్ళె పరీక్ష ఉంది, ఎక్స్‌రే ఉంది, రక్త పరీక్ష ఉంది. కాపరులకు, సంఘ పెద్దలకు మా విన్నపం ఇది. మీ సంఘంలో ఎవరైనా స్వస్థత సాక్ష్యం చెప్పాలనుకుంటే సంతోషమే. ముందు పరీక్ష చేయించుకొని రమ్మనండి. మందు ఆపమనే మాట మాత్రం డాక్టరు నోటి నుండే రానివ్వండి.

హిజ్కియా రాజు సంగతి కూడా మనకు తెలుసు. ఆయన కన్నీటితో ప్రార్థించాడు, దేవుడు ఆలకించి పదిహేను సంవత్సరాల ఆయుస్సు ఇచ్చాడు. అయినా యెషయా ప్రవక్త అంజూరపు పండ్ల ముద్ద తెప్పించి పుండు మీద వేయించాడు. ప్రార్థన ఆలకించబడిన చోట కూడా మందు పక్కన పెట్టబడలేదు.

ఉపవాస ప్రార్థనల గురించి కూడా ఒక మాట. షుగరు జబ్బు ఉన్నవారు ఇన్సులిన్ గాని, గ్లిమెపిరైడ్ వంటి మాత్ర గాని వేసుకొని అన్నం మానేస్తే రక్తంలో చక్కెర అకస్మాత్తుగా పడిపోతుంది. చెమటలు, వణుకు, తికమక మాటలు, చివరికి స్పృహ తప్పడం. లెంటు కాలంలోనైనా, శుక్రవారపు ఉపవాసమైనా ఇది జరుగుతుంది. రంజాను ఉపవాసముండే మన ముస్లిం సోదరులకు, ఏకాదశి ఉండే హిందూ కుటుంబాలకు కూడా ఇదే హెచ్చరిక వర్తిస్తుంది. ఉపవాసానికి ముందే డాక్టరుతో మాట్లాడి మందు మోతాదు మార్పించుకోండి. కొందరికి ఉపవాసమే వద్దని చెప్పవలసి వస్తుంది. వారు దేవుని యెదుట తక్కువవారు కారు.

మరి ప్రార్థన వల్ల ప్రయోజనం ఏమిటి అని కొందరు అడగవచ్చు. 2006లో అమెరికాలో గుండె బైపాస్ ఆపరేషను చేయించుకున్న సుమారు 1800 మంది మీద జరిగిన అధ్యయనం ఫలితాలు వెలువడ్డాయి. ప్రార్థన జరుగుతుందో లేదో తెలియనివారిలో, ఎవరి కోసం ప్రార్థించారో వారిలో 52 శాతం మందికి, ప్రార్థించనివారిలో 51 శాతం మందికి ఆపరేషను తరువాత చిక్కులు వచ్చాయి. తమ కోసం ప్రార్థన జరుగుతోందని ఖచ్చితంగా తెలిసినవారిలో 59 శాతం మందికి వచ్చాయి. ఈ ఫలితాన్ని దాచవలసిన అవసరం మనకు లేదు. అక్కడ ప్రార్థించినవారు రోగి ముఖం చూడలేదు, చెయ్యి పట్టుకోలేదు. మన సంఘాల్లో ప్రార్థన అంటే మంచం దగ్గరికి వెళ్ళడం, గంజి పట్టుకెళ్ళడం, ఆటో మాట్లాడి పంపడం, రాత్రి తోడుండడం. అలాంటి ప్రార్థనను మోతాదు లెక్కన కొలవలేము. మందు చేసే పనిని దాని చేత చేయించాలని చూడడం ప్రార్థనకు గౌరవం కాదు.

మనసుకు జబ్బు చేసినప్పుడు

మతం, వైద్యం ఎక్కువగా ఎదురుపడేది మానసిక జబ్బుల దగ్గర. గాలి సోకిందని, ఎవరో చేతబడి చేశారని, దయ్యం పట్టిందని ఏళ్ళ తరబడి తిప్పుతారు. ఈ విషయంలో మన పొరుగు రాష్ట్రంలో జరిగిన రెండు సంగతులను ప్రక్క ప్రక్కన పెట్టి చూద్దాము.

బెంగళూరు నిమ్హాన్స్ వైద్యులు తమిళనాడులోని ఒక ముత్తుస్వామి గుడిలో ఉంటున్న 31 మంది మానసిక రోగులను పరిశీలించి 2002లో ఆ వివరాలు ప్రచురించారు. అక్కడ కొట్టడం లేదు, కట్టడం లేదు. ఇంటివారిలో ఒకరు తోడుండి, రోగి గుడిలో చిన్న చిన్న పనులు చేసుకుంటూ సుమారు ఆరు వారాలు గడిపేవాడు. వారి జబ్బు లక్షణాలు దాదాపు 20 శాతం తగ్గాయి. భయపెట్టని చోటు, ఆదరించే మనుషులు ఉండడమే దీనికి కారణం కావచ్చని ఆ వైద్యులు రాశారు.

రెండవది ఎర్వాడి. రామనాథపురం జిల్లాలో దర్గా ఉన్న ఆ ఊరిలో, స్వస్థత కోసం తీసుకొచ్చిన మానసిక రోగులను ప్రైవేటు షెడ్లలో గొలుసులతో కట్టి ఉంచేవారు. 2001 ఆగస్టు 6న ఒక షెడ్డుకు నిప్పంటుకుంది. గొలుసులు ఉన్నందున పారిపోలేక 28 మంది చనిపోయారు.

రెండూ దేవుని పేరు చెప్పుకున్న చోట్లే. ఒకచోట మనిషిని మనిషిగా చూశారు, ఇంకొకచోట కట్టేశారు. మన కూటాల్లో కూడా దయ్యం వదిలిస్తామని జుట్టు పట్టి లాగడం, చెంప దెబ్బలు కొట్టడం, రోజుల తరబడి తిండి పెట్టకపోవడం ఎక్కడ జరిగినా అది స్వస్థత పరిచర్య కాదు. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం మానసిక రోగిని గొలుసులతో కట్టడాన్ని పూర్తిగా నిషేధించింది. మూర్ఛ జబ్బు కూడా దయ్యం కాదు. చేతిలో తాళాలు పెట్టకండి, పక్కకు తిప్పి పడుకోబెట్టండి. రోజూ మాత్ర వేసుకుంటే ఎక్కువమందికి మూర్ఛలు అదుపులో ఉంటాయి. మనసు బాగాలేనివారి కోసం 14416 నంబరుకు ఉచితంగా ఫోన్ చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు.

దాచకండి, వెక్కిరించకండి

రోగులు డాక్టరు దగ్గర చాలా సంగతులు దాచిపెడతారు. పసరు తాగామంటే తిడతారేమో, తాయెత్తు చూస్తే నవ్వుతారేమో అని భయం. ఆ భయానికి కారణం లేకపోలేదు. ఆసుపత్రుల్లో అలాంటి నవ్వులు, కసురుకోవడాలు ఉన్నాయి. కసిరిన చోట రోగి మరుసటిసారి నిజం చెప్పడు. నిజం తెలియక ఇచ్చిన మందు, తాగిన పసరుతో కలిసి హాని చేయవచ్చు.

మన పక్కనే ఉన్న వేలూరు ఆసుపత్రి పుట్టుకలోనే దీనికి పాఠం ఉంది. ఐడా స్కడర్ అమ్మగారు యువతిగా ఉన్నప్పుడు, తిండివనంలో ఒకే రాత్రి ముగ్గురు భర్తలు ఒకరి తరువాత ఒకరు వచ్చి, ప్రసవ వేదనలో ఉన్న తమ భార్యలను చూడమని ఆమెను వేడుకున్నారు. వారిలో హిందువులూ ఉన్నారు, ముస్లిమూ ఉన్నాడు. ఆమె అప్పటికి డాక్టరు కాదు. డాక్టరైన ఆమె తండ్రి ఇంట్లోనే ఉన్నాడు, కానీ మగ డాక్టరును లోపలికి రానివ్వడం వారి ఆచారం కాదు. ముగ్గురు స్త్రీలూ చనిపోయారు. ఆ ఆచారాన్ని తిట్టుకుంటూ ఆమె కూర్చోలేదు. తానే వైద్యం చదివి 1900లో తిరిగి వచ్చింది. 1918లో వేలూరులో స్త్రీలకు వైద్య పాఠశాల తెరిచింది. జనం లోపలికి రానిచ్చే రూపంలో వైద్యాన్ని తీసుకువెళ్ళడమే ఆమె చేసిన పని.

కాబట్టి ఆసుపత్రిలో పనిచేసే మాలాంటివారు ప్రతి రోగినీ నవ్వకుండా అడగవలసిన ప్రశ్నలు ఉన్నాయి. "ఇంతకుముందు ఎక్కడ చూపించుకున్నారు? ఏం తాగారు? ఏ మొక్కు ఉంది? ఏ రోజు ఉపవాసం?" రోగులు, వారి ఇంటివారు దాచకుండా చెప్పవలసిన జవాబులూ అవే. తాగిన మందు సీసా గాని, పొట్లం గాని ఉంటే వెంట తీసుకురండి. చేతి తాయెత్తును ఎవరూ తీసేయరు. ఆపరేషను కోసం తీయవలసి వస్తే ఇంటివారి చేతికే ఇవ్వమని అడగండి.

రెండు వారాలు దాటిన దగ్గు ఉంటే కళ్ళె పరీక్ష చేయించుకోండి. క్షయ అని తేలితే సాధారణంగా ఆరు నెలల మందు, ప్రభుత్వం ఉచితంగా ఇస్తుంది. పౌష్టికాహారం కోసం నెలకు 1000 రూపాయలు కూడా ఇస్తుంది. ఆ ఆరు నెలలూ రోజూ ఒకరు గుర్తు చేయాలి. ప్రతి సంఘంలో ఒక సహోదరి గాని, ఒక యౌవనస్థుడు గాని ఒక్కొక్క రోగికి ఆ తోడు కాగలిగితే, అంతకంటే మంచి స్వస్థత కూటం ఉండదని మా నమ్మకం.

స్వస్థపరచు దేవుడు మీ కుటుంబాలను దీవించును గాక.

– సంపాదక వర్గం